ఒండ్రుమణి గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

‘ఎనిమిదో పాయ’ మేము కల్పించుకున్న లోకం. గోదావరికి ఏడు పాయలని పెద్దలు చెబుతారు. ఆ ఏడింటిలో చేరని ఎనిమిదో పాయ ఒకటి ఉందని, దాని లంకల్లో మనుషులు బతుకుతున్నారని ఊహించుకుని డెల్టా ఊళ్లవాళ్లం కొందరం కథలు రాస్తున్నాం. ఆ లోకంలో అన్నిటికన్నా అరుదైనది ఒండ్రుమణి. కొత్తగా కథ రాయాలనుకునేవారు, బొమ్మలు వేసేవారు, కథలు చదివిన పిల్లలు అవే సందేహాలు మళ్లీ మళ్లీ అడుగుతున్నారు కాబట్టి జవాబులన్నీ ఒకచోట పెడుతున్నాను. ఏ జవాబుకు ఆ జవాబే పూర్తిగా ఉంటుంది. మీకు కావలసిన చోటి నుంచి చదువుకోండి.

## మొదలుపెట్టే ముందు

ఒండ్రుమణి నిజంగా ఉందా? లంకల్లో వెతికితే దొరుకుతుందా?

లేదు, దొరకదు. మణీ కల్పితమే, ఎనిమిదో పాయా కల్పితమే. ధవళేశ్వరం దిగువన గోదావరి గౌతమిగా, వసిష్ఠగా చీలడం, వసిష్ఠ నుంచి వైనతేయ విడిపోవడం మాత్రం ఎవరైనా వెళ్లి చూడగల నిజాలు. పిల్లలు మణి కోసం ఏటి ఒడ్డుకు వెళ్తున్నారని ఒకరిద్దరు తల్లిదండ్రులు చెప్పారు. దయచేసి వెళ్లనివ్వకండి. వరద తీసిన కొత్తలో లంకల అంచులు అడుగున కోసుకుపోయి గుల్లగా ఉంటాయి, పైకి గట్టిగా కనిపిస్తూనే కాలు పెట్టగానే విరిగి ఏట్లో పడతాయి.

మణికి ఉన్న శక్తి ఏమిటి? జాబితా ఇవ్వగలరా?

జాబితా లేదు. ఉన్న శక్తి ఒక్కటే: నీటిలో కలిసినదాన్ని నీటి నుంచి విడదీసి తనలో పట్టుకుంటుంది. ఉప్పు కావచ్చు, విషం కావచ్చు, బురద కావచ్చు. ఎగరడం, అదృశ్యం కావడం, చచ్చినవారిని లేపడం దీనికి చేతకావు. మణికి పది శక్తులు ఇస్తే కథలో ప్రతి చిక్కుకూ రచయిత జేబులోంచి ఒకటి తీస్తాడు, చదివేవారికి ఇక ఏ చిక్కు మీదా భయం మిగలదు.

ఈ శక్తిని మేము గాలిలోంచి తేలేదు. వరద రోజుల్లో గోదావరి నీళ్లను బిందెలో పోసి పటిక బిళ్ల తిప్పితే, చిల్లగింజ అరగదీసి కలిపితే, బురద అడుక్కు దిగి పైన నీరు తేరుకోవడం డెల్టాలో పెద్దవారందరికీ తెలుసు. జియోలైట్లనే ఖనిజాల కుటుంబం ఇంకా దగ్గరి చుట్టం. వాటి లోపల కంటికి కనిపించనంత సన్నని సందులు ఉంటాయి. వాటిలో నీరు నిలుస్తుంది, వేడి చేస్తే పోతుంది, చల్లారాక మళ్లీ చేరుతుంది, ఇంత జరిగినా స్ఫటికం చెదరదు. నీటిలోని కొన్ని లవణాలను పట్టుకుని తమలో ఉన్నవాటిని వదిలే గుణం కూడా వాటికి ఉంది. అందుకే నీటి కాఠిన్యం తగ్గించడానికి వాటిని వాడతారు.

వజ్రం కంటే గట్టిదా?

కాదు. చాకుతో గీస్తే గీత పడుతుంది. ఖనిజాల గట్టితనాన్ని కొలిచే మోస్ కొలమానంలో వజ్రం 10, క్వార్ట్జ్ 7. మణికి నమూనాగా తీసుకున్న జియోలైట్లు సుమారు 3.5 నుంచి 5.5 మధ్యలో ఉంటాయి. కత్తి పిడిలోనో కిరీటంలోనో పొదిగి యుద్ధానికి పంపకండి, మొదటి దెబ్బకే పగులుతుంది.

శమంతకమణి కథ నుంచి తీసుకున్నారా?

మణి స్వభావం అక్కడిది కాదు. శమంతకం రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుంది, ఒండ్రుమణి ఎవరికీ ఏమీ పుట్టించి ఇవ్వదు. అయినా ఆ కథకు మా అందరి మీదా అప్పు ఉంది. ఏటా వినాయక చవితి నాడు అక్షతలు చేతపట్టుకుని విన్నదే కదా. సత్రాజిత్తు సూర్యుడి నుంచి మణి పొందాడు. అతని తమ్ముడు ప్రసేనుడు దాన్ని మెడలో వేసుకుని వేటకు వెళ్లి సింహం చేతిలో చనిపోయాడు. ఆ సింహాన్ని చంపి జాంబవంతుడు మణిని గుహకు తీసుకుపోయాడు. ఊళ్లో నింద మాత్రం కృష్ణుడి మీద పడింది. బంగారం ఎంత వచ్చిందో ఆ కథలో ఎవరూ లెక్కపెట్టరు. ఒక రాయి ఒక ఊళ్లో ఎంత అనుమానం పుట్టించగలదో అదే చెబుతుంది. కొత్తగా రాసేవారు దీన్ని మరోసారి నెమ్మదిగా చదివితే చాలా నేర్చుకోవచ్చు.

## పుట్టుక, రూపం

ఎంత తవ్వినా రాయి తగలని నేలలో మణి ఎలా పుడుతుంది?

నాకు అన్నిటికన్నా ఇష్టమైన ప్రశ్న ఇది. కోనసీమలో బావి తవ్వినా, చెరువు తవ్వినా మన్ను, ఇసుక, బంకమట్టి వస్తాయి తప్ప బండ తగలదు. మన గుళ్లకు, వంతెనలకు, రోడ్డు కంకరకు రాయి అంతా బయటి నుంచి రావలసిందే. రాయి అన్నదే పరాయిదైన చోట మణి మరీ పరాయిది. కాబట్టి అది ఎక్కడి నుంచో వచ్చి తీరాలి. తెచ్చేది నది.

నిజమైన గోదావరి నాసిక్ జిల్లా త్ర్యంబకంలో పుట్టి 1,465 కిలోమీటర్లు నడిచి సముద్రంలో కలుస్తుంది. పుట్టిన చోట, ఆ తర్వాత చాలా దూరం దాని కింద ఉన్నది దక్కను నల్లరాయి. సుమారు 6.6 కోట్ల ఏళ్ల క్రితం పొరలు పొరలుగా పారి గడ్డకట్టిన లావా అది. ఆ లావాలో గాలి బుడగలు మిగిల్చిన గుల్లల్లోకి వేడి నీరు దిగి, ఖనిజాలను వదిలి, స్ఫటికాలను పెంచింది. నాసిక్, జల్‌గావ్, పుణె ప్రాంతాల క్వారీల్లో దొరికే జియోలైట్లకు ప్రపంచంలోని మ్యూజియంలన్నిటిలో పేరుంది.

ఇంకో సంగతి. రాజమహేంద్రవరం చుట్టుపక్కల కాతేరు, దుద్దుకూరు వంటి చోట్ల కూడా అలాంటి నల్లరాయే బయటపడుతుంది. పడమట వెలువడిన లావా ఆనాటి నదీ లోయల వెంట సుమారు 1,000 కిలోమీటర్లు పారి ఇక్కడికి చేరిందని భూగర్భ శాస్త్రవేత్తలు భావిస్తున్నారు. అంటే నీటికంటే ముందు నిప్పు ఆ దారిన వచ్చింది. ఇది తెలిసిన రోజు మా లోకానికి పునాది దొరికిందని నాకు అనిపించింది.

ఇక కల్పన. ఎగువన నల్లరాయి గుల్లలోంచి ఊడిన ఒక బీజం వరదలో కొట్టుకొచ్చి లంక మన్నులో కూరుకుపోతుంది. పోటు నీరు ఎక్కి మంచినీటిని తాకే హద్దులోనే అది పెరుగుతుంది. ఆ హద్దును ఎంచుకోవడానికి కారణం ఉంది. నదిలో తేలుతూ వచ్చిన సన్నటి బంకమట్టి రేణువులు ఉప్పునీరు తగలగానే ఒకదానికొకటి అంటుకుని బరువెక్కి అడుగుకు దిగుతాయి. ఏటి ముఖద్వారాల దగ్గర మేటలు పడటానికి ఇదొక కారణం. రేణువులు ఒకటయ్యే చోటే మణి కూడా పెరుగుతుందని ఊహించాం.

ఒక మణి తయారుకావడానికి ఎంత కాలం పడుతుంది?

ఎనిమిదో పాయలో ఒక వరదకు ఒక పొర. వరద రాని ఏడు పొర లేదు. బొటనవేలి గోరంత మణికి మూడు తరాలు పడుతుంది. ఇది మరీ నెమ్మది అనిపిస్తే మెక్సికోలోని నైకా గనిని గుర్తు చేసుకోండి. 2000లో అక్కడ బయటపడిన గుహలో జిప్సం స్ఫటికాలు పదకొండు మీటర్లకు పైగా పొడవున్నాయి. 58 డిగ్రీల దగ్గరి వేడి నీటిలో కదలకుండా లక్షల ఏళ్లు పెరిగితే అంతయ్యాయి. స్ఫటికానికి కావలసింది తొందరపెట్టని నీరు.

చెరువు తవ్వి మణులను పెంచకూడదా?

మా కథల్లో కొందరు ప్రయత్నించారు. మాగాణి తవ్వి చెరువులు చేసి, పోటు నీరు పెట్టి, బీజాలు చల్లారు. మణులు త్వరగానే పెరిగాయి కానీ అన్నీ మూగవి. నీటిలోంచి ఏమీ విడదీయలేవు. ఈలోగా పక్క చేలల్లో ఉప్పు తేలింది, తాగే బావులు ఉప్పబారాయి. ఈ కథ ఎక్కడి నుంచి వచ్చిందో డెల్టాలో ఎవరికీ చెప్పనక్కర్లేదు. ఉప్పునీటి రొయ్యల చెరువుల పక్కన వరి వేసే రైతును అడగండి. చెరువు వేసినవారంతా దుర్మార్గులని మేము రాయం. వరిలో మిగిలేది చాలక అటు వెళ్లినవారే ఎక్కువ. మీ కథలో కూడా ఆ మనిషికి ఒక కారణం ఉండనివ్వండి.

చీకట్లో వెలుగుతుందా? ఏ రంగులో ఉంటుంది?

వెలగదు. ఎండినప్పుడు మాసిన తెలుపు, పటిక ముక్కకూ దీనికీ తేడా తెలియదు. తడిసినప్పుడు మాత్రం లోపలి నుంచి ఎరుపు పైకి వస్తుంది. వరద సీజను మొదట్లో గోదావరికి వచ్చే ఎర్రనీటి రంగు అది. ఏ సంవత్సరపు పొర ఎంత ఎర్రగా ఉందో చూసి ఆ ఏటి వరద ఎంతో చెప్పగల ముసలివారు లంకల్లో ఉంటారు. వెలుగు ఎందుకు పెట్టలేదంటే, వెలిగే రాయిని ఎవరైనా గుర్తుపడతారు. వెలగని రాయిని గుర్తుపట్టడానికి నీటిని, మట్టిని ఎరిగిన మనిషి కావాలి. మా కథలన్నీ ఆ మనిషి గురించే.

బొమ్మలో ఐదు పలకల మణి వేశాను. తప్పా?

ఆరు పలకలు వేయండి. మామూలు స్ఫటికాల్లో అణువుల అమరిక ఖాళీ లేకుండా పరుచుకోవాలి. గచ్చు మీద ఐదు భుజాల సమాన పలకలను సందు రాకుండా పరచలేమన్నది అందరికీ తెలిసిందే. అందువల్ల రెండు, మూడు, నాలుగు, ఆరు వరసల సౌష్ఠవం వీలవుతుంది, ఐదుకు వీలుకాదు. ఈ నియమానికి అందని అమరికను 1982లో డాన్ షెక్ట్‌మన్ ఒక మిశ్రలోహంలో చూశారు. దానికి 2011లో ఆయనకు రసాయనశాస్త్ర నోబెల్ వచ్చింది. అలాంటిది ప్రకృతిలో కూడా ఉందని తర్వాత తేలింది. రష్యా తూర్పు కొసన పడిన ఖతిర్కా ఉల్కలో దొరికింది.

దీన్ని ఆధారం చేసుకుని మా లోకంలో ఒకే ఒక్క ఐదు పలకల మణి ఉంచాం. అది ఆకాశం నుంచి పడింది, నది తెచ్చింది కాదు. దాని కథ ఇంకా ఎవరూ రాయలేదు. మీ బొమ్మ దానిదైతే ఆ కథ కూడా మీరే రాయండి.

## వెతకడం, గుర్తించడం

ఎక్కడ, ఏ కాలంలో దొరుకుతుంది?

లంక తోక దగ్గర, అంటే నీరు రెండు పక్కల నుంచి వచ్చి మళ్లీ కలిసే కొసన. వరద తీశాక రెల్లు పూతకు వచ్చే లోపు. ఆ తర్వాత మన్ను బిగిసిపోతుంది. పాటు సమయంలో, నీరు పూర్తిగా వెనక్కి తగ్గిన గంటలోనే దిగాలి. ఏటా దొరకదు. ఒక లంకలో ఒక తరం మొత్తం మణిని చూడకుండానే గడిచిపోవచ్చు.

తడిమేవారు అంటే ఎవరు?

మణిని వెతికేవారికి ఎనిమిదో పాయలో ఉన్న పేరు అది. వాళ్లు చేత్తో తవ్వరు, పలుగు పట్టరు. మోకాలి లోతు బురదలో అరికాళ్లతో తడుముతూ నడుస్తారు. మణి ఉన్నచోట బురద పక్కలకన్నా కాస్త పొడిగా తగులుతుంది. ఆడవాళ్లే ఎక్కువ, ఎందుకంటే నాట్ల బురదలో రోజంతా వంగి నడిచే పాదాలకు ఆ తేడా ముందుగా తెలుస్తుంది. ఒకరినొకరు ‘వదినా’, ‘అక్కా’ అని పిలుచుకుంటారు. మణి దొరికినవారి పేరు బయటికి చెప్పరు, గుంపు మొత్తానికి దొరికిందంటారు. ఈ పద్ధతిని మార్చి ఒంటరి వీరుణ్ణి పెట్టిన కథలు కొన్ని వచ్చాయి. నాకు అవి నచ్చలేదు. బురదలో ఒంటరిగా దిగే మనిషిని బయటికి లాగేవారు ఉండరు.

చేతికి వచ్చింది అసలుదో నకిలీదో ఎలా తెలుస్తుంది?

ఎండిన మణిని తడి అరచేతిలో పెట్టుకుంటే చేయి ఆరిపోయి తెల్లటి ఉప్పు చార మిగలాలి. కథలో ఈ ఒక్క పరీక్ష చాలు.

నకిలీలమ్మే వ్యాపారిని కథలోకి తేవాలంటే నిజలోకపు కిటుకులు పనికొస్తాయి. గాజు ముక్క లోపల గుండ్రటి గాలి బుడగలు ఉండవచ్చు. క్వార్ట్జ్ స్ఫటికం గాజును గీస్తుంది, గాజు దాన్ని గీయలేదు. బుగ్గకు ఆనిస్తే స్ఫటికం గాజుకంటే చల్లగా తగులుతుంది. స్వచ్ఛమైన కాల్సైట్‌ను అక్షరాల మీద పెడితే ప్రతి అక్షరం రెండుగా కనిపిస్తుంది. ఇంకో పరీక్ష 1756 నాటిది. స్వీడన్‌కు చెందిన ఆక్సెల్ క్రోన్‌స్టెట్ ఒక ఖనిజాన్ని మంటలో పెట్టి, అది నీటి ఆవిరి కక్కుతూ పొంగడం గమనించారు. జియోలైట్లను ఒక కుటుంబంగా గుర్తించడం అక్కడే మొదలైంది. మీ వ్యాపారి గుట్టు మంట దగ్గర బయటపడటానికి ఇది మంచి సన్నివేశం.

## వాడకం

మణి లాక్కున్న ఉప్పు ఎక్కడికి పోతుంది?

ఈ ప్రశ్నకు జవాబు రాసుకోకుండా దయచేసి ఎవరూ కథ మొదలుపెట్టకండి.

కొంత ఉప్పు మణిలో నిలుస్తుంది. మణి పట్టలేనిది, అదే పాయ మీద, అదే పోటులో, ఇంకో బావిలో తేలుతుంది. ఒక లంకలో బావి తియ్యబడితే మరో లంకలో ఒక బావి ఉప్పబారుతుంది. ఏ బావి అన్నది మణి వాడినవారికి తెలియదు, వెతుక్కుంటూ వెళ్తే తెలుస్తుంది. మా నియమం ఒక్కటే. మణి వాడిన ప్రతి కథలోనూ ఉప్పబారిన బావి ఎవరిదో, ఆ ఇంట్లో ఎవరెవరు ఉన్నారో రచయితకు పేర్లతో సహా తెలిసి ఉండాలి. కథలో చెప్పినా సరే, చెప్పకపోయినా సరే.

ఇంత పట్టుదల ఎందుకని చాలామంది అడిగారు. డెల్టాలో బతికినవారికి నీరు ఈ సంగతి రోజూ చెబుతుంది కాబట్టి. ఏరు ఒక ఒడ్డును కోసి ఇంకో ఒడ్డున మేట వేస్తుంది. ఇక్కడ కొత్తగా లేచిన లంక అక్కడ ఎవరిదో కొబ్బరితోట. కాలువ మొదట్లో ఉన్న చేనికి నీరు నిండుగా అందుతుంది, శివారు చేను వంతు కోసం ఎదురుచూస్తుంది. సర్ ఆర్థర్ కాటన్ 1847–1852 మధ్య ధవళేశ్వరంలో కట్టించిన ఆనకట్ట ఈ నేలకు అన్నం పెట్టింది, ఆయన విగ్రహాలకు మన రైతులు ఈనాటికీ దండలు వేస్తున్నారు. డెల్టా నీటికి భరోసా అంటున్న పోలవరం కోసం ఎగువన గిరిజన గూడేలు ఊళ్లు వదులుకున్నాయి. నది మీద ఆనకట్టలు పెరిగేకొద్దీ తీరానికి చేరే ఒండ్రు తగ్గింది, ఒండ్రు అందని తీరాన్ని సముద్రం కోస్తుంది. ఇచ్చిన చేతిని గుర్తుపెట్టుకున్నంత బాగా పోగొట్టుకున్న చేతిని గుర్తుపెట్టుకోం. కనీసం మా కల్పిత లోకంలోనైనా ఆ రెండో చేతికి చోటు ఉండాలన్నదే నా పట్టు.

వరదను, తుపానును మణితో ఆపవచ్చా?

ఆపకూడదు. మణి నీటిలో కలిసినదాన్ని విడదీస్తుంది, నీటినే ఆపలేదు. నియమం సంగతి అటుంచి, ఇక్కడ ఒక మర్యాద ఉంది. 1986 ఆగస్టులో గోదావరి భద్రాచలం దగ్గర 75.6 అడుగులకు చేరిన వరదను చూసినవారు, 1996 నవంబరు 6న విరుచుకుపడిన తుపానులో ఇంటివారిని పోగొట్టుకున్నవారు మన పాఠకుల్లో ఉన్నారు. ఆ తుపానులో వెయ్యి మందికి పైగా చనిపోయారు. కోనసీమ కొబ్బరి నేలకొరిగింది. మణి ఎత్తగానే తుపాను వెనక్కి తిరిగిందని రాస్తే వారికి ఏం చెప్పినట్లు?

తుపాను తర్వాతి రోజుల్లో మాత్రం మణికి చేతినిండా పని ఉంది. ఉప్పెన నీరు నిండిన బావులు, ఉప్పుతో కాలిన చేలు, తాగడానికి నీళ్లు లేని బళ్లలో తలదాచుకున్న జనం. కథ అక్కడ పెట్టండి.

కన్నీటిని తాకితే ఏమవుతుంది?

కన్నీరు కూడా ఉప్పునీరే కాబట్టి మణి పనిచేస్తుంది. ఏడ్చే మనిషి ఏడుపు ఆగుతుంది, దానితోపాటు దేనికోసం ఏడ్చారో అదీ మసకబారుతుంది. ఇది చాలా ప్రమాదకరమైన వాడకం. అందుకే ఎనిమిదో పాయలో ఒకరి కన్నీటికి మణి తాకించాలంటే ఆ మనిషి మూడు పోట్ల పాటు ఆలోచించుకుని, తన నోటితో అడగాలి. అడగకుండా తాకించడం హత్యతో సమానమైన నేరం. బిడ్డను పోగొట్టుకున్న తల్లికి ఊరంతా కలిసి మణి ఇవ్వబోతే ఆమె వద్దన్న కథ ఇప్పటివరకు వచ్చినవాటిలో నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించింది.

నిండిపోయిన మణిని ఏం చేయాలి?

సముద్రానికి తిరిగి ఇవ్వాలి. పాటు మొదలయ్యేటప్పుడు అన్నాచెల్లెళ్ల గట్టు లాంటి సాగర సంగమం దగ్గర నీటిలో ముంచి పట్టుకుంటే మణి ఉప్పును వదిలేసి తేలికవుతుంది. నీటి కాఠిన్యం తగ్గించే యంత్రాల్లో కూడా లోపలి గుళికలు నిండిపోయినప్పుడు చిక్కటి ఉప్పునీటితో కడిగి మళ్లీ పనికి సిద్ధం చేస్తారు. అక్కడ రసాయనం వేరు, మాకు తోచిన దారి అదే.

ఇంట్లో దేవుడి దగ్గర పెట్టుకోవచ్చా?

తడి ఇసుకలో ఉంచితేనే. ఎక్కువకాలం ఎండితే పగులుతుంది. కొన్ని ఓపల్ రాళ్లు కూడా లోపలి నీరు ఆరిపోతే బీటలు వారతాయి.

## కథ రాసేటప్పుడు

మణి ధర ఎంత పెట్టాలి?

డబ్బులో పెట్టకండి. ఎనిమిదో పాయలో మణికి వెల నీటి వంతు. మణి కావాలనుకునేవారు తమ చేనికి రావలసిన కాలువ వంతులను వదులుకోవాలి. ఎన్ని వంతులన్నది తడిమేవారి గుంపు, శివారు రైతులు కూర్చుని తేలుస్తారు. ఆ బేరం ఒక్కటే ఒక మంచి కథకు సరిపోతుంది.

మణి ఎవరి చేతిలో ఉండాలి? రాజు, మంత్రగాడు లేకుండా ఎలా?

రేవు దగ్గర ఉండే మనిషి చేతిలో. ఎనిమిదో పాయలో రాజు లేడు, ఎందుకంటే ఏటా హద్దులు మారే నేలను ఎవరూ ఏలలేరు. ఏరు దాటడానికి వచ్చి, పొద్దుపోయి, పడవ లేక ఆగిపోయినవారికి నీళ్లిచ్చే మనిషే అక్కడ పెద్ద.

మాకు ఆదర్శం దూరంగా లేదు. లంకల గన్నవరంలో ఏ వేళ ఎవరు వచ్చినా అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ గారు 1909లో కన్నుమూశారు. వైనతేయ మీద కాలువ నీటిని దాటించే అక్విడక్టుకు ఆమె పేరు పెట్టారు. కింద ఏరు, పైన కాలువ, ఒకదానితో ఒకటి కలవని రెండు నీళ్లు. ఆ కట్టడాన్ని చూడనివారు ఒకసారి వెళ్లి చూడండి, ఎనిమిదో పాయ ఎలా ఉంటుందో కొంత అర్థమవుతుంది.

మడ అడవులకు మణితో సంబంధం ఉందా?

ఉంది. మణి పుట్టకముందు నీటి నుంచి ఉప్పును విడదీసే పని మడ చెట్లు చేసేవని ఎనిమిదో పాయ పెద్దలు చెబుతారు. ఇది సగం నిజమే. మడ చెట్లలో కొన్ని జాతులు వేర్ల దగ్గరే చాలా ఉప్పును అడ్డుకుంటాయి. మరికొన్ని పీల్చుకున్న ఉప్పును ఆకుల మీదికి తోసేస్తాయి. పొడి వేళల్లో ఆ ఆకుల మీద సన్నటి ఉప్పు పలుకులు కనిపిస్తాయి. కాకినాడ దగ్గరి కోరింగ అభయారణ్యంలో చెక్క దారి మీద నడుస్తూ వీటిని చూడవచ్చు. బావురు పిల్లి కూడా ఆ అడవిదే, మా కథల్లో మణికి కాపలా దానికే అప్పగించాం. మడను నరికిన చోట మణి పుట్టదన్న నియమాన్ని ఎవరూ మార్చవద్దని మాత్రం కోరుతున్నాను.

మా ఊరి పేరు పెట్టి రాయవచ్చా?

నిజమైన ఊళ్లను దూరం నుంచి చూపించండి. సంఘటనలు మాత్రం కల్పిత లంకల్లోనే జరగాలి. ఒక ఊరి బావి ఉప్పబారిందని పేరు పెట్టి రాస్తే ఆ ఊరివారు బాధపడతారు.

పిల్లలకు స్ఫటికం పెరగడం కళ్లారా చూపించాలి. ఇంట్లో వీలవుతుందా?

పటికతో చక్కగా వీలవుతుంది. కిరాణా కొట్లో తెల్ల పటిక కొని పొడి చేయండి. పెద్దవారు దగ్గరుండి గ్లాసుడు వేడినీటిలో ఇక కరగదు అనేంతవరకు కలపాలి. వడకట్టి ఒక రాత్రి కదపకుండా ఉంచితే అడుగున చిన్న చిన్న పలుకులు కడతాయి. వాటిలో అంచులు తీరుగా ఉన్న ఒకదాన్ని సన్నటి దారానికి కట్టి, మళ్లీ వడకట్టిన అదే నీటిలో అడుగుకు తగలకుండా వేలాడదీయండి. దుమ్ము పడకుండా పైన కాగితం కప్పండి. కొద్ది రోజుల్లో ఎనిమిది ముఖాల స్ఫటికం రూపు కడుతుంది, ప్రతి ముఖమూ త్రిభుజమే.

మన దగ్గర వానాకాలంలో గాలిలో తేమ ఎక్కువ కాబట్టి గ్లాసులో నీరు ఆవిరి కాదు, పలుకు పెరగదు. సంక్రాంతి దాటాక మొదలుపెట్టండి. గ్లాసు మీద ‘పటిక నీరు, తాగరాదు’ అని రాసి అంటించండి.